సాక్షి వేషం కట్టినప్పుడు

తాను చూస్తున్న దృశ్యంలోకి చూసేవాడే అడుగుపెడితే అతని చూపు ఏమవుతుంది అన్నది వేదాంతులు తమ పద్ధతిలో ఏనాడో ఎత్తుకున్న ప్రశ్న. బృహదారణ్యకోపనిషత్తులో ఉషస్తుడు ఆత్మను ఎదురుగా చూపించమని పట్టుబట్టినప్పుడు యాజ్ఞవల్క్యుడు, చూపు వెనక ఉండి చూసేవాణ్ణి చూడటం కుదరదని చెప్పిన సమాధానం తర్వాతి అద్వైత గ్రంథాలకు పునాదిగా నిలిచింది. దృక్కు అంటే చూసేది, దృశ్యం అంటే కనిపించేది. ఈ రెంటినీ విడదీసి గుర్తుపట్టడమే జ్ఞానానికి దారి అని చెప్పే ‘దృగ్దృశ్యవివేకం’ అనే చిన్న గ్రంథం, రూపాన్ని కన్ను చూస్తుందని, కంటిని మనసు, మనసును సాక్షి చూస్తాయని ఒక్కొక్క మెట్టే లోపలికి తీసుకుపోయి, ఆ సాక్షిని చూసేందుకు మాత్రం మరొకరు లేరని తేలుస్తుంది. సాక్షి అంటే ఇక్కడ, జరిగేదానిలో తాను పాలుపంచుకోకుండా జరిగేదాన్నంతటినీ వెలిగించే చైతన్యం అని అర్థం.

సినిమా ఛాయాగ్రాహకుడి వృత్తి ఈ సిద్ధాంతానికి లోకంలో దొరికే దగ్గరి ఉదాహరణలా మొదట కనిపిస్తుంది. తెర మీది ప్రతి బొమ్మా అతని కంటి గుండానే ప్రేక్షకుడికి చేరుతుంది, అతను మాత్రం ఎక్కడా కనిపించడు. నాయకుడు ఏడ్చినా ప్రతినాయకుడు చచ్చినా అతని పని వెలుగును సరిచూసుకోవడం, కదలికను వెంబడించడం. హంగేరీలో పుట్టిన సినిమా సిద్ధాంతకారుడు బేలా బలాజ్ 1924లో వెలువడిన తన గ్రంథంలో, అచ్చుయంత్రం వచ్చాక అక్షరాల చాటున దాగిపోయిన మనిషి ముఖాన్ని సినిమా మళ్లీ కంటి ముందుకు తెచ్చిందని వాదించాడు. ఆ ముఖాలను చూపించిన వాడి ముఖం గురించిన ప్రశ్న ఆ వాదానికి వెలుపలే ఉండిపోయింది. ప్రపంచ సినిమాకు పేరున్న కెమెరామన్లను ఎందరినో ఇచ్చిన ఆ దేశంలో గానీ, మరో దేశంలో గానీ, కెమెరా పట్టిన మనిషే వేషం కూడా కట్టిన సందర్భాలను చలనచిత్ర చరిత్రలు ఒక వింతగా పేర్కొని వదిలేస్తాయి. తత్త్వవిచారానికి మాత్రం అది వింతగా కాక ఒక చిక్కుగా ఎదురవుతుంది.

ఆ చిక్కు ఎక్కడుందో తెలియాలంటే 14వ శతాబ్దపు విద్యారణ్యుడి దగ్గరికి వెళ్లాలి. ఆయన అద్వైత గ్రంథం పంచదశిలోని పదో ప్రకరణం పేరే నాటకదీపం. నాట్యశాలలో వెలిగే దీపం సభాపతినీ సభికులనూ నర్తకినీ ఏ భేదమూ లేకుండా వెలిగిస్తుందని, వాళ్లంతా లేచిపోయాక ఖాళీ శాలలో కూడా అది అలాగే వెలుగుతుందని చెప్పి, ఆ శాలను మనిషి లోపలికి తెస్తాడు: అహంకారం సభాపతి, విషయాలు సభికులు, బుద్ధి నర్తకి, ఇంద్రియాలు తాళం వేసేవాళ్లు, సాక్షి దీపం. ఈ పోలికకు ఉన్న బలమంతా దీపం ఎన్నటికీ నర్తకి కాదన్న నమ్మకం మీద నిలబడి ఉంది. నర్తకి తప్పటడుగు వేస్తే ఆ తప్పు దీపానికి అంటదు, నర్తకి మెప్పు పొందితే ఆ మెప్పూ అంటదు. దీపం గజ్జె కట్టదు. కానీ వెలుగు బాధ్యత మోసే మనిషి గజ్జె కట్టవచ్చు, కట్టాడు కూడా.

తెలుగువారి సినిమా తొలి అడుగులోనే ఇది జరిగింది. మచిలీపట్నంలో పుట్టి మద్రాసులో సినిమా ప్రదర్శనలకు పునాది వేసిన రఘుపతి వెంకయ్య, చిత్రనిర్మాణం నేర్చుకొమ్మని కొడుకు సూర్యప్రకాశ్‌ను ఇంగ్లండు పంపించాడు. 1901లో పుట్టిన ఆ యువకుడు తిరిగి వచ్చాక తండ్రీకొడుకులు స్టార్ ఆఫ్ ది ఈస్ట్ సంస్థ పేరిట 1921లో ‘భీష్మ ప్రతిజ్ఞ’ అనే మూకీ చిత్రాన్ని తీశారు. దర్శకుడిగా, ఛాయాగ్రాహకుడిగా ఆర్. ఎస్. ప్రకాశ్ పేరుతో చరిత్రలో నిలిచిన ఆ కొడుకే అందులో భీష్ముడు. ఆంగ్లో ఇండియన్ నటి పెగ్గీ కాస్టెల్లో గంగ. ఆనాటి మూకీ చిత్రాలను ఎక్కువగా చేత్తో తిప్పే కెమెరాలతోనే తీసేవారు. సెకనుకు ఇంచుమించు 16 బొమ్మలు పడేలా, లయ తప్పకుండా, పిడి తిప్పుతూ ఉండాలి. భీష్ముడి వేషంలో కటకం ముందు నిలబడ్డ మనిషి అదే క్షణంలో ఆ పిడిని తిప్పలేడు. చూడటమనే పనిని ఆ కాసేపు మరొకరి చేతిలో పెట్టి, తాను ఎలా కనిపిస్తున్నాడో తనకే తెలియని స్థితిలోకి వెళ్లవలసి ఉంటుంది; ఫిల్ము కడిగి, ఆరబెట్టి, తెర మీద వేసేదాకా ఆ తెలియనితనం తీరదు. యాజ్ఞవల్క్యుడు చెప్పిన నియమాన్ని ఇంత స్థూలంగా, ఇంత యాంత్రికంగా రుజువు చేసిన వృత్తి మరొకటి లేదనవచ్చు. ప్రకాశ్ దగ్గర పని నేర్చుకున్న చిత్తజల్లు పుల్లయ్య కాకినాడలో మార్కండేయుడి కథను మూకీగా తీసినప్పుడు యముడి వేషం తానే కట్టాడని సినిమా చరిత్రకారులు రాస్తారు. అంటే గురువు భీష్ముడు, శిష్యుడు యముడు. పాత్రల ఎంపిక యాదృచ్ఛికమే అయి ఉంటుంది గానీ, ధర్మం తెలిసీ ఊరకున్నవాడూ, ధర్మం పేరిట ప్రాణులందరి లెక్కా చూసేవాడూ ఈ విచారానికి ఇంతకన్నా తగిన జంటగా దొరకరు.

భీష్ముడి దగ్గర కొంచెంసేపు ఆగడం అవసరం. సినిమా కథ ప్రతిజ్ఞకు సంబంధించినదే అయినా, భీష్ముణ్ణి తెలుగు లోకం మరిచిపోలేనిది సభాపర్వంలోని మౌనం వల్ల. ద్రౌపది నిండు సభలో తన ప్రశ్న అడిగినప్పుడు ఆయన అక్కడే ఉన్నాడు, అన్నీ చూశాడు. ధర్మం సూక్ష్మమైనదని, తేల్చి చెప్పడం తన వల్ల కాదని పక్కకు తప్పుకున్నాడు. రాజ్యం వద్దన్నవాడు, పెళ్లి వద్దన్నవాడు, ఫలాల మీద ఆశ లేనివాడు. బయటి లక్షణాలను బట్టి చూస్తే ఆ సభలో సాక్షి అన్న పేరుకు ఆయన కన్నా అర్హుడు లేడు. అయినా ఆ నిశ్చలతను సాక్షిత్వమని ఎవరూ కొనియాడలేదు. జనంలో తిరిగే ఒక కథలో, అంపశయ్య మీద ఆయన ధర్మాలు బోధిస్తుంటే ద్రౌపది నవ్వుతుంది. దుర్యోధనుడి కూడు తిన్న రక్తం ఇప్పుడు కారిపోయింది గనక ఇప్పుడు బుద్ధి తేటపడిందని ఆయన ఒప్పుకుంటాడు. ఈ కథ కట్టినవాళ్లు వేదాంత పాఠం చదివారో లేదో గానీ, చైతన్యం గురించి చెప్పిన మాటను నడవడికి సాకుగా వాడుకోకూడదన్న సంగతి వాళ్లకు స్పష్టంగా తెలుసు. సాక్షి సిద్ధాంతం చైతన్యం ఎలాంటిదో వర్ణిస్తుందే తప్ప, సభలో కూర్చున్న మనిషి నోరు విప్పాలా వద్దా అన్నది అది తేల్చదు. ఈ రెంటినీ కలిపేయడమే భీష్ముడి తప్పు. ఆ తర్వాత చాలామంది పెద్దమనుషుల తప్పు కూడా అదే.

కెమెరా వెనక ఉన్నంత మాత్రాన మనిషి ఏమీ చేయనివాడు కాడని హంగేరీ చరిత్ర తన తీరులో చూపించింది. 1956లో బుడాపెస్టు వీధుల్లోకి సోవియట్ ట్యాంకులు వచ్చినప్పుడు, అక్కడి సినిమా కళాశాల నుంచి వచ్చిన విల్మోష్ జిగ్మోండ్, లాస్లో కొవాచ్ అనే ఇద్దరు యువకులు ఆ తిరుగుబాటును, దాని అణచివేతను దొంగచాటుగా చిత్రించి, ఆ ఫిల్మును సరిహద్దు దాటించి ఆస్ట్రియాకు చేర్చారు. దొరికితే ఏమవుతుందో తెలిసే చేశారు. తర్వాత ఇద్దరూ అమెరికా చేరి పెద్ద ఛాయాగ్రాహకులయ్యారు. ‘క్లోజ్ ఎన్‌కౌంటర్స్ ఆఫ్ ది థర్డ్ కైండ్’కు జిగ్మోండ్ ఆస్కార్ అందుకున్నాడు, ‘ఈజీ రైడర్’కు కెమెరా పట్టింది కొవాచే. ఆ వీధుల్లో వాళ్లు ఎవరికీ వేషం వేయలేదు, ఒక్క రాయి విసరలేదు, చూశారంతే. కానీ ఆ చూపును నేరంగా లెక్కగట్టే ప్రభుత్వం ఎదురుగా ఉన్నప్పుడు చూడటమే కర్మ అయింది.

తెలంగాణలో ఇలాంటి ఇరుకు తెలిసిన నేల ఏదంటే పాత కరీంనగర్ జిల్లా పేరు ముందు చెప్పుకోవాలి. 1978లో జగిత్యాల, సిరిసిల్ల తాలూకాలను ప్రభుత్వం కల్లోలిత ప్రాంతాలుగా ప్రకటించింది. దొరల గడీలకూ కూలి సంఘాలకూ మధ్య నలిగిన ఆ పల్లెల్లో ఊరికే చూస్తూ ఉండే తీరిక ఎవరికీ మిగల్లేదు. చూసినవాడు ఏదో ఒక పక్షం కిందికి లెక్కకు వచ్చేవాడు. రెండేళ్ల తర్వాత, 1980లో, కృష్ణ చందర్ నవల ఆధారంగా తెలంగాణ సాయుధ పోరాటం మీద ‘మా భూమి’ విడుదలైంది. దానికి దర్శకత్వం వహించిన బెంగాలీ గౌతమ్ ఘోష్ తర్వాత తన సినిమాలకు తానే కెమెరా పట్టి, గంగ ఒడ్డున చావు కోసం ఎదురుచూసే ముసలి బ్రాహ్మణుడి కథ ‘అంతర్జలి జాత్రా’ తీసి, మరెన్నో ఏళ్లకు, 2011లో, ‘బైశే శ్రావణ్’లో మతి చలించిన కవి పాత్రను నటించాడు. ‘మా భూమి’ నిర్మాత బి. నర్సింగరావు ‘రంగుల కల’కు దర్శకత్వం వహిస్తూ అందులో చిత్రకారుడి పాత్ర తానే ధరించాడు. ఈ ఇద్దరి విషయంలోనూ గమనించదగ్గది నటనలోని నైపుణ్యం కాదు. ఇతరుల ముఖాల మీద ఏళ్ల తరబడి వెలుగు వేసినవాడు తన ముఖాన్ని కూడా ఆ వెలుగు కిందికి తేవడంలో ఒక న్యాయం ఉంది. ఇతరులను నిలబెట్టిన చోట తానూ నిలబడటం అది.

అద్వైతానికి ఎదురుగా కాశ్మీర శైవం ఈ న్యాయానికి ఒక తాత్త్విక ఆధారం ఇస్తుంది. శివసూత్రాలు ఆత్మను నర్తకుడిగా, అంతరాత్మను రంగస్థలంగా, ఇంద్రియాలను ప్రేక్షకులుగా చెబుతాయి. విద్యారణ్యుడి శాలలో నర్తకి బుద్ధి, ఆత్మ దీపం. ఇక్కడ ఆత్మే ఆడుతుంది, ఆడుతున్నానన్న ఎరుకను మాత్రం పోగొట్టుకోదు. తన స్వరూపాన్ని దాచుకోవడం, బయటపెట్టుకోవడం రెండూ ఆ ఆటలో భాగాలే. ఒక మూల తప్ప మిగిలిన అంతటా దాదాపు సమానంగా ఉన్న ఈ రెండు పటాలను పక్కపక్కన పెట్టి చూస్తే, తేడా అంతా చూసేవాడికి వేషం అంటుతుందా అన్న ఒక్క దగ్గరే తేలుతుంది.

సిరిసిల్ల, వేములవాడ ప్రాంతంలో ఈ రెండో పటానికి జీవం పోసిన కళ ఒగ్గుకథ. ఒగ్గు అంటే శివుడి చేతి డమరుకం. దాన్ని వాయిస్తూ మల్లన్న, బీరప్ప, ఎల్లమ్మల కథలు చెప్పే కురుమ, గొల్ల కులాల పూజారులను ఒగ్గువాళ్లంటారు. వేములవాడ పక్కనున్న హనుమాజీపేట, కవి సినారె పుట్టిన ఊరే, మిద్దె రాములు అనే ఒగ్గుకథకుడి వల్ల కూడా పేరు పొందింది. ఒగ్గుకథలో ప్రధాన కథకుడు జరిగిన సంగతి చెబుతూ చెబుతూ, కొంగు తల మీదికి లాగితే ఎల్లమ్మ అవుతాడు, కర్ర భుజాన వేస్తే గొర్రెల కాపరి అవుతాడు, మరుక్షణం కొంగు దించి ఆ ఎల్లమ్మ చేసిన పని మీద తానే వ్యాఖ్యానం చెబుతాడు. వంత పాడేవాడు మధ్యలో ప్రశ్నలు వేసి, ఆశ్చర్యపడి, ఒక్కోసారి ఎగతాళి చేసి, కథకుడు పాత్రలో పూర్తిగా మునిగిపోకుండా పట్టి ఉంచుతాడు. చూసేవాడు, చేసేవాడు, చెప్పేవాడు అన్న మూడు హోదాలు ఒకే ఒంట్లో, ఒకే రాత్రిలో, వందసార్లు చేతులు మారతాయి.

ఒగ్గుకథ చెప్పించే పండుగల్లోనే మరో స్థితి కూడా కనిపిస్తుంది. పట్నం వేసి, అంటే రంగుల పొడులతో నేల మీద దేవుడి ముగ్గు దిద్ది, డోళ్లు మోగుతుండగా శివసత్తులనే భక్తురాళ్లు శిగం ఊగుతారు. శిగం అంటే దేవత ఒంటి మీదికి రావడం. శిగంలో ఉన్న మనిషి మాట ఆ మనిషిది కాదని అందరూ ఒప్పుకుంటారు గనక, శిగం దిగాక ఆ మాటకు ఆమెను జవాబుదారుగా నిలబెట్టరు. ఒగ్గుకథకుడికి ఆ మినహాయింపు లేదు. ఎల్లమ్మగా పలికిన మాటకూ, ఎల్లమ్మను గురించి పలికిన మాటకూ అతనే పూచీ. వేషంలో చూపు చెరిగిపోవడానికీ, వేషంలో కూడా చూపు నిలవడానికీ మధ్య ఉన్న తేడాను కరీంనగర్ పల్లెల పూజారులు ఇలా రెండు వేర్వేరు పాత్రలకు పంచి పెట్టారు. ప్రశ్నను ఇంత నేర్పుగా పరిష్కరించిన పద్ధతికి గ్రంథాల్లో చోటు దొరక్కపోవడం విచారకరం.

2023 మార్చి 3న విడుదలైన ‘బలగం’ ఈ నేల నుంచే వచ్చింది. నటుడిగా పేరు తెచ్చుకున్న సిరిసిల్ల మనిషి వేణు యెల్దండి మొదటిసారి దర్శకత్వం వహించి, అందులో ఒక చిన్న పాత్రా ధరించాడు. కెమెరా ఆచార్య వేణు. కథ అంతా ఒక చావు చుట్టూ తిరుగుతుంది. ముసలివాడు కొమురయ్య చనిపోయాక కర్మకాండలో పెట్టిన ముద్దను కాకి ముట్టదు. ఈ ప్రాంతంలో దీన్ని పిట్టకు పెట్టుడు అంటారు. చచ్చిపోయినవాడే పిట్ట రూపంలో వస్తాడని, మనసులో కొరత ఉంటే ముద్ద ముట్టడని నమ్మకం. మూడో రోజు, అయిదో రోజు ముద్ద అలాగే మిగిలిపోతుంటే అన్నదమ్ములు, ఆడబిడ్డ, అల్లుడు పాత పగలను ఒకరి మీద ఒకరు విసురుకుంటారు. తాత్త్విక దృష్టితో చూస్తే ఇక్కడ సాక్షి కాకి, లేదా కాకి కళ్లతో చూస్తున్న కొమురయ్య. శరీరం లేదు గనక చేయి ఎత్తలేడు, నోరు లేదు గనక తీర్పు చెప్పలేడు. కానీ తినకపోవడమన్న ఒక్క పనితో ఇంటినంతటినీ కదిలిస్తాడు. ఉపనిషత్తులోని రెండు పక్షుల్లో ఒకటి పండు తింటుంది, మరొకటి తినకుండా చూస్తూ ఉంటుంది. అక్కడ తినకపోవడం వైరాగ్యానికి గుర్తు. పిట్టకు పెట్టే చోట తినకపోవడం నిలదీత. జగిత్యాల జిల్లా ధర్మపురిలో నరసింహస్వామి గుడి ప్రాంగణంలోనే యమధర్మరాజుకు గుడి ఉంది. కోరుట్ల, జగిత్యాల చుట్టుపక్కల కుటుంబాలు గోదావరిలో అస్థికలు కలపడానికి వెళ్లే ఆ ఊళ్లో, చచ్చినవాడి లెక్క చూసే దేవుడు, బతికినవాళ్ల నడత చూసే పిట్ట పక్కపక్కనే ఉన్నట్టు లెక్క.

చిత్రం చివర పస్తం మొగిలయ్య, కొమురమ్మ దంపతులు వచ్చి, చనిపోయినవాడి గురించి కథగా పాడతారు. వాళ్లు సినిమా నటులు కారు; బుడగజంగాల సంప్రదాయంలో కథలు పాడటమే అప్పటికి వాళ్ల బతుకు. కెమెరా ముందు వాళ్లు చేసింది నటన అనాలా, రోజూ చేసే పనే అనాలా అన్నది తేలదు, తేల్చనవసరమూ లేదు. ఆ సినిమాను తెలంగాణ పల్లెల్లో తెరలు కట్టి ఊరంతటికీ చూపించినప్పుడు జనం గుంపులుగా ఏడ్చారని, విడిపోయిన అన్నదమ్ములు కలిశారని పత్రికల్లో వార్తలు వచ్చాయి. పదో శతాబ్దం చివరినాటి కాశ్మీర పండితుడు అభినవగుప్తుడు రసాన్ని వివరిస్తూ, ప్రేక్షకుడు పాత్ర దుఃఖాన్ని తన సొంత దుఃఖంగా భావించినా రసం నిలవదని, తనకేమీ పట్టనట్టు తటస్థంగా ఉన్నా నిలవదని చెప్పాడు. ఈ రెంటికీ చెందని స్థితిని సాధారణీకరణం అంటారు, అంటే భావం ఒకరి సొంతం కాకుండా అందరిదీ కావడం. ఆయన లెక్కన గడ్డి మీద కూర్చుని ‘బలగం’ చూసి ఏడ్చి, ఇంటికి వెళ్లి తమ్ముడికి కబురు పంపినవాడు రసానుభవాన్ని దాటి సొంత దుఃఖంలోకి జారిపోయాడని ఆక్షేపించవచ్చు. ఆ ఆక్షేపణలో శాస్త్రం ఉంది. కబురు అందుకున్న తమ్ముడికి మాత్రం శాస్త్రంతో పని ఉండదు.

అద్వైతి దీనికంతటికీ ఒప్పుకోకపోవచ్చు. వేషం కట్టింది జీవుడే తప్ప సాక్షి కాదని, ప్రకాశ్ భీష్ముడైనప్పుడు కూడా అతని లోపలి దీపం కదలలేదని, కెమెరామన్‌ను సాక్షితో పోల్చడమే మొదటి పొరపాటని అతను అంటాడు. ఈ వాదన తోసిపుచ్చదగింది కాదు. మనిషి కన్నూ యంత్రపు కన్నూ రెండూ దృశ్యం కిందికే వస్తాయి గనక కెమెరా ఎంత లోపలికి జరిగినా అసలు సాక్షి దగ్గరికి చేరదు. కానీ అది నిజమైతే సాక్షి పేరు చెప్పి సభలో మౌనంగా కూర్చునే హక్కు ఏ జీవుడికీ లేదన్నదీ అంతే నిజమవుతుంది, ఎందుకంటే మౌనంగా కూర్చున్నది కూడా జీవుడే. పంచదశిలోనే ఏడో ప్రకరణం, తృప్తిదీపం, జ్ఞాని లోకవ్యవహారంలో ఎలా మసలుతాడో సుదీర్ఘంగా చర్చిస్తుంది. ఆ చర్చ అవసరమని రచయితకు తోచిందంటేనే దీపం పోలికతో పని పూర్తి కాలేదని ఆయనకు తెలుసనుకోవాలి. ఇక ఆ విద్యారణ్యుడినే విజయనగర సామ్రాజ్యానికి పునాది వేయించిన గురువుగా చెప్పే కథ తెలుగు, కన్నడ దేశాల్లో వందల ఏళ్లుగా నడుస్తోంది. హరిహర బుక్కరాయలను వెంటబెట్టుకుని రాజధానికి చోటు చూపించాడని, ముహూర్తం పెట్టాడని ఆ కథ చెబుతుంది. చరిత్రకారుల్లో చాలామంది దాన్ని తర్వాతి కాలపు కల్పనగా భావిస్తారు, వాళ్ల ఆధారాలు బలమైనవే. అయినా నాటకదీపం రాసిన మనిషిని జనం దీపంగా మిగలనివ్వలేదు, రంగం మీదికి లాగి వేషం ఇచ్చారు.